పొడుగు చేతుల చొక్కా: ఒక ఆలస్యపు సవరణ

పోయిన ఏడాది ఒక విశ్వవిద్యాలయంలో బొమ్మల కథల మీద సదస్సు పెట్టి నన్నూ పిలిచారు. పదిహేను నిమిషాలు మాట్లాడమన్నారు. నా ముందు మాట్లాడినవాళ్లు ఒక్కొక్కరు అరగంట తీసుకున్నారు. నా వంతు వచ్చేసరికి భోజనాల వేళయింది. "అయిదు నిమిషాల్లో ముగించగలరు" అని రాసి ఒక చీటీ నా చేతిలో పెట్టారు. నేను మైకు దగ్గరికి వెళ్లి, "అయిదు నిమిషాల్లో చెప్పేది నా దగ్గర ఏమీ లేదు" అని చెప్పి వచ్చి కూర్చున్నాను. ఆ చీటీ ఇప్పటికీ నా దగ్గర ఉంది.

ఆ రోజు చెప్పాలనుకున్నది ఇప్పుడు రాస్తున్నాను. బొమ్మల కథల మీద పరిశోధన చేస్తున్న పిల్లలు చదివితే సంతోషం. చదవకపోయినా రాయడం మానను.

అమెరికా బొమ్మల పుస్తకాల్ని నా అంత దగ్గరగా చూసిన తెలుగువాడు మరొకడు ఉంటాడనుకోను. ఇది గొప్ప కోసం చెప్పడం లేదు. నా ఉద్యోగమే అది. తొంభైలలో ఏడేళ్ల పాటు, దోహాలో ఒక పుస్తకాల కంపెనీలో, ప్రతి పేజీ నా కళ్ల ముందు నుంచి పోయాకే దుకాణంలోకి వెళ్లేది.

కాకినాడలో ట్యుటోరియల్ కాలేజీలో ఇంగ్లీషు పాఠాలు చెప్పుకుంటున్న నన్ను, బొంబాయిలో ఇంటర్వ్యూ చేసి 'షాప్ ఇన్‌చార్జి' అన్నారు. దోహా నడిబొడ్డున ముషైరిబ్‌లో ఉన్న, అద్దాల తలుపుల పుస్తకాల దుకాణం ఫొటో కూడా చూపించారు. దిగిన మర్నాడు కంపెనీ వ్యాను ఆ దుకాణం ముందు నుంచే వెళ్లింది. ఆగలేదు. ఇండస్ట్రియల్ ఏరియాలో ఒక రేకుల గోడౌను ముందు ఆగింది. మేనేజరు కేరళ ఆయన. నా సర్టిఫికెట్లు తిరగేసి, "ఎం.ఏ. ఇంగ్లీషా! చెకింగ్ సెక్షన్‌కి ఇంతకంటే మంచి మనిషి దొరకడు" అన్నాడు. ఆ మాటకు ఇన్నేళ్లయినా నాకు సమాధానం దొరకలేదు.

చెకింగ్ సెక్షన్ అంటే ఒక పొడుగాటి బల్ల, రెండు కుర్చీలు, డబ్బాడు నల్ల మార్కర్లు. అమెరికా నుంచి వచ్చే పత్రికలు, బొమ్మల పుస్తకాలు పెట్టెల్లో దిగేవి. ఆ దేశపు మర్యాదకు సరిపడనివి ఏవో ఒక జాబితా గోడకు అంటించి ఉండేది. ఆడవాళ్ల భుజాలు, తొడలు, ముద్దులు, మద్యం సీసాలు, గ్లాసులు. వాటి మీద నల్ల మార్కర్ రుద్దాలి. రుద్దాక నేను పేజీ పేజీ తిప్పి చూడాలి. ఆ పద్ధతి మీద నాకు అప్పుడూ ఇప్పుడూ ఫిర్యాదు లేదు. వాళ్ల ఇల్లు, వాళ్ల మర్యాద. నా ఫిర్యాదు కుర్చీ మీద. దానికి ఒక చెయ్యే ఉండేది. రెండో చెయ్యి కోసం రాసిన ఉత్తరాల కార్బన్ కాపీలు నా దగ్గర ఉన్నాయి.

అంతకంటే పెద్ద ఫిర్యాదు సంతకం గురించి. ప్రతి పెట్టెతో పాటు ఒక షీటు వెళ్లేది. చూసింది నేను, సంతకం మేనేజరుది. ఆయన దుకాణంలో ఏసీ కింద కూర్చుని, పెట్టె తెరవకుండానే సంతకం పెట్టేవాడు. మూడు నెలలు, నాలుగు ఉత్తరాలు పట్టింది. చివరికి ఆయన విసిగిపోయి షీటు మీద 'చెక్డ్ బై' అని ఒక గడి అచ్చు వేయించాడు. అందులో నా పొట్టి సంతకం, మూడక్షరాలు. ఆ గడి కోసం నేనెంత పోరాడానో గుర్తుపెట్టుకోండి. తర్వాత అవసరం పడుతుంది.

బల్లకు అవతలి వైపు కూర్చునే మనిషి సిరిసిల్ల దగ్గరివాడు. నాకంటే రెండేళ్లు పెద్ద. ఊళ్లో దుకాణాల బోర్డులు, ఎన్నికలప్పుడు గోడల మీద నాయకుల బొమ్మలు గీసేవాడు. పెయింటర్ వీసా మీద వచ్చి, గోడౌను ర్యాకులకు రంగు వేశాడు. చెయ్యి వణకదని మేనేజరు మార్కర్ ఇచ్చి ఈ బల్ల దగ్గర కూర్చోబెట్టాడు. అతనికి ఇంగ్లీషు అక్షరాలు రావు. ఇంటికి ఫోన్ చేస్తే వాళ్లమ్మ ఇంకా "దుబాయ్‌ల మంచిగున్నవా బిడ్డా?" అనే అడుగుతుందని నవ్వేవాడు.

నేను వచ్చిన రెండో నెలలో అనుకుంటాను, ఒక పుస్తకం తిప్పుతూ ఆగిపోయాడు.

"సార్, గీ బొమ్మలు గీసెటోడు సచ్చిపోయిండా?"

"ఎందుకలా అడుగుతున్నావు?"

"పోయిన నెల చెవులు ఇట్ల లేకుండె. గీడు వేరేటోడు."

నేను లాక్కుని మొదటి పేజీ చూశాను. నిజమే. అదే కథ, అదే వీరుడు, బొమ్మలు గీసినవాడి పేరు మారింది. నాకు పేరు చదివితే తప్ప తెలియలేదు. అక్షరాలు రాని మనిషికి చెవి చూస్తే తెలిసింది.

"ముఖం అందరు భయంతోని, భక్తితోని గీస్తరు సార్. చెవి కాడికొచ్చేసరికి ఎవ్వడైనా సొంత అలవాటుకు దిగుతడు. నేను గోడల మీద లీడర్ల బొమ్మలు ఎన్ని గీసిన్నో. ముక్కు లీడర్ది, చెవి నాదే."

నా చదువంతా ఆ రోజు మొదలైంది. అంతకుముందు నేను కథ చదివేవాణ్ణి. అప్పటి నుంచి గీత చదవడం మొదలుపెట్టాను. అమెరికాలో ఒక బొమ్మల పుస్తకాన్ని అయిదుగురు కలిసి తయారుచేస్తారు. ఒకరు కథ రాస్తారు, ఒకరు పెన్సిల్‌తో గీస్తారు, ఒకరు దాని మీద సిరా వేస్తారు, ఒకరు అక్షరాలు, ఒకరు రంగులు. మార్కర్ ఆరేలోపు ఎవరి పని ఎక్కడ మొదలై ఎక్కడ ఆగిందో మేమిద్దరం పందెం వేసుకునేవాళ్లం. నేను పేర్లు ఆపేసి మారుపేర్లు పెట్టాను. చదరపు వేళ్ల మనిషి. వానల మాస్టారు. గడుల మధ్య తెల్లటి సందులో కథ నడిపించే ఒకాయనకు సందులాయన అని పెట్టాను. ఆయన ఒక గడిలో తలుపు తీసే చెయ్యి చూపించి, పక్క గడిలో ఖాళీ కుర్చీ చూపించేవాడు. మధ్యలో జరిగిన హత్య ఆ సందులోనే ఉండేది. దాని మీద మేం మార్కర్ రుద్దడానికి ఏమీ ఉండేది కాదు.

నాది ఒక సిద్ధాంతం. పుస్తకాల్లో ఎక్కడా లేదు, మా బల్ల మీద పుట్టింది. మంచి పేజీలో నాలుగో వంతు నలుపు రుద్దినా పేజీ నిలబడుతుంది. బలహీనమైన పేజీ ఒక్క నల్ల మచ్చకే కూలిపోతుంది. నల్ల మార్కర్ కంటే కఠినమైన విమర్శకుణ్ణి నేను చూడలేదు. ఇవన్నీ ఒక లాంగ్ నోట్‌బుక్‌లో రాసుకునేవాణ్ణి. మధ్యాహ్నం భోజనాల దగ్గర అతను నా ఆవకాయ సీసా ముందుకు లాక్కుని, "ఇయ్యాల ఏం రాసిన్రు సార్, సదువుండ్రి" అనేవాడు.

ఆ ఏళ్లలోనే అమెరికాలో కొందరు చిత్రకారులు పెద్ద కంపెనీల మీద తిరగబడి బయటికి వచ్చేశారు. మేం పుట్టించిన వీరులు మావి కాకుండా పోతున్నారు, పేర్లు కంపెనీవే, హక్కులు కంపెనీవే అని వాళ్ల బాధ. ఇది చదివి వినిపిస్తుంటే నాకు నా సంతకం గడి గుర్తొచ్చేది. అతనికి వేరేది గుర్తొచ్చేది. మా ఇద్దరి పాస్‌పోర్టులూ కంపెనీ బీరువాలో ఉండేవి. కఫీల్, అంటే వీసా ఇచ్చిన యజమాని, ఒప్పుకుంటేనే మాకు దేశం దాటే ఎగ్జిట్ ముద్ర పడేది.

"అంటె అమెరికల గూడ కఫీల్ ఉంటడా సార్?"

"ఉంటాడేమో. వీళ్లు మాత్రం కఫీల్‌ని వదిలేసి బయటికొచ్చారు."

"మల్ల ఎగ్జిట్ ఎవరు కొట్టిన్రు?"

ఇలా బయటికి వచ్చినవాళ్లలో ఒకడు నా అభిమాన చిత్రకారుడు. కథ, బొమ్మ, సిరా, అక్షరాలు అన్నీ ఒక్కడే. నేను అతనికి ఒంటిమనిషి అని పేరు పెట్టాను. పుస్తకం లోపల రంగులుండవు, నలుపూ తెలుపే. ఒక ఓడరేవు ఊళ్లో టాక్సీ నడుపుతూ, తన బండిలో ఎక్కినవాళ్ల నేరాలు కనిపెట్టే ఒకావిడ కథ. నెలకు పాతిక కాపీలు వచ్చేవి. అట్ట మీద ఆవిడ ఎప్పుడూ రెయిన్‌కోటులో ఉండేది. లోపలి పేజీల్లో పొడుగు చేతుల చొక్కా.

నా నోట్‌బుక్‌లో పెద్ద అధ్యాయం అతని మీదే. అతనిలో మూడు కొత్తదనాలు చూపించాను. మొదటిది సంయమనం. అమెరికా చిత్రకారుల్లో ఇతని పుస్తకం ఒక్కదానికే మేం ఎన్నడూ నలుపు రుద్దవలసిన అవసరం రాలేదని రాశాను. రెండోది వ్యంగ్యం. రేవులో గూండాలు కూర్చునే చోట అందరి ముందూ సాసర్లో టీ గ్లాసు, పక్కన బుల్లి చెంచా, పైన రెండు గీతల ఆవిరి. గూండాల చేత టీ తాగించడం ఒక సాహసోపేతమైన ప్రయోగమని, హింసను ఇంటి వసారాలోకి తెచ్చి కూర్చోబెట్టడమని అర పేజీ రాశాను. మూడోది గుడ్డ. మిగతావాళ్లు గీసే బట్టలు ఒంటికి రంగు పూసినట్టు ఉంటాయి. ఇతనికి గుడ్డ బరువు తెలుసు. స్టీరింగ్ తిప్పుతున్న ఆవిడ మోచేతి దగ్గర ఆ ముతక నూలు మడత పడదు, విరుగుతుంది. గంజి పెట్టిన గుడ్డను చేత్తో పట్టుకుని చూసినవాడే అలా గీయగలడు. ఇదీ నేను రాసింది.

చదువుతుంటే అతను నమలడం ఆపేశాడు.

"ఆ గుడ్డ గురించిన ముచ్చట మల్లోసారి సదువుండ్రి సార్."

చదివాను. చెయ్యి కడుక్కొచ్చి మళ్లీ అడిగాడు. మళ్లీ చదివాను. ఇతనిలో విమర్శకుడు పుడుతున్నాడు అనుకుని మురిసిపోయాను.

ఆ వ్యాసాన్ని దోహాలోని మన తెలుగువాళ్ల సంఘం వార్షిక సంచికకు ఇచ్చాను. సంపాదకుడు ఐన్ ఖాలిద్‌లో విల్లాలో ఉండే ఇంజనీరు. "బొమ్మల పుస్తకాల మీదా మాస్టారూ? పిల్లల పేజీలో సర్దుదామా?" అన్నాడు. పదకొండు పేజీల వ్యాసాన్ని నాలుగు పేజీలు చేసి, వంటల శీర్షికలో మిగిలిన చోట, గోంగూర పచ్చడి కింద మొదలుపెట్టాడు. సందులాయన పోయాడు, వానల మాస్టారు పోయాడు, నల్ల మార్కర్ సిద్ధాంతం మొత్తం పోయింది. ఒంటిమనిషి మీద రాసింది మాత్రం ఒక్క అక్షరం పోకుండా మిగిలింది. ఒక కాపీ మీద సంతకం చేసి అతనికిచ్చాను. ఆ పేజీ చింపి తన పెట్టె మూత లోపల అంటించుకున్నాడు.

నెల తిరగకుండా మేనేజరు ఫోన్ చేసి, ఉన్న పళాన ముషైరిబ్ రమ్మన్నాడు. దుకాణం వెనక ఆయన గదిలో బల్ల మీద ఒంటిమనిషి పుస్తకాలు రెండు తెరిచి ఉన్నాయి. రెండూ ఒకే సంచిక, రెండూ తొమ్మిదో పేజీ. విదేశీ పిల్లల బడిలో బొమ్మలు నేర్పే అమెరికా టీచరమ్మ తెచ్చిచ్చిందట. ఒకటి మా దుకాణంలో కొన్నది. రెండోది సెలవుల్లో సొంత ఊళ్లో కొన్నది.

ఆవిడ ఊళ్లో కొన్న పుస్తకంలో టాక్సీ ఆవిడకు చొక్కా చేతులు లేవు. బనీను లాంటిదేదో వేసుకుంది, భుజాలు, చేతులు అంతా ఖాళీ. గూండాల ముందు సాసర్లు లేవు, చెంచాలు లేవు, ఆవిరి లేదు. ఉన్నవి విస్కీ గ్లాసులు.

నేను ఆ రెండు పేజీల మీదికి వంగాను.

"ఆ టీచర్ పిల్లలకి ఈ చొక్కా చూపించి రెండు క్లాసులు చెప్పిందట" అన్నాడు మేనేజరు. "అమెరికా ఆర్టిస్టు పనితనం అని. ఇప్పుడు వచ్చి, ఏది అసలుది అని అడుగుతోంది. నేనేం చెప్పను?"

ఆవిడా మోసపోయిందని విని ప్రాణం కాస్త కుదుటపడింది. నిజం చెప్పాలి కదా.

మేనేజరు ఆ పెట్టె షీటు తీసి నా ముందు పెట్టాడు. గడిలో నా మూడక్షరాలు.

"దీని కోసం నాకు నాలుగు లెటర్లు రాశావు, గుర్తుందా? ఇప్పుడు విను. ఈ సంగతి బయటి నుంచి తెలిసేకంటే మనమే చెప్పడం మంచిదని ప్రభుత్వం వాళ్ల సెన్సార్ ఆఫీసుకు ఫోన్ చేశాను. శనివారం పొద్దున మనిషి వస్తాడు. ఆయన తప్పంటే ఒకరు ఇంటికి వెళ్లాలి. నీకు తెలియకుండా జరిగిందంటే వాడు వెళ్తాడు. తెలిసే పంపావంటే నువ్వు. ఖలాస్."

తిరిగి వెళ్తున్నప్పుడు వ్యానులో నేను ఉద్యోగం గురించి ఆలోచించలేదు. వ్యాసం గురించి ఆలోచించాను. సంయమనం. వ్యంగ్యం. గుడ్డ బరువు. అచ్చయిపోయింది.

అతను బల్ల దగ్గర సన్న కుంచె కడుగుతున్నాడు. అన్నాళ్లూ నేను ఆ కుంచె వైపు చూడలేదు. మార్కర్ల డబ్బాలో, అందరికీ కనపడేట్టే ఉండేది.

"ఎందుకు చేశావు?"

దేని గురించి అని అడగలేదు. "ఎట్ల రుద్దుదు సార్? గంత మంచిగ గీసిండు ఆ మనిషి. దాని మీద నలుపు అంటె డాంబర్ వోసినట్టె. చేతులు కనవడొద్దు, గంతే గద? చొక్కా తొడిగిన."

"పాతిక కాపీలకీనా?"

"పాతికకు. నాలుగు నెల్లు, మీరు వొయినంక కూసొని."

"గుడ్డ అలా గీయడం ఎక్కడ నేర్చుకున్నావు?"

"నేర్సుడేంది? మా ఇంట్ల మగ్గం ఉండె. గంజి వెట్టిన గుడ్డ ఎట్ల ఇరుగుతదో సిన్నప్పటి సంది చూసుడే."

అప్పుడు నాకు అసలు కోపం వచ్చింది. "నీకు మూడుసార్లు చదివి వినిపించాను. అమెరికావాడు, అమెరికావాడు అని నేను అంటుంటే ఆవకాయ నంజుకుంటూ విన్నావు. నేనే గీశాను సార్ అని ఒక్క మాట నోరు పెగల్లేదా?"

కుంచె గుడ్డకు తుడిచి డబ్బాలో పెట్టాడు.

"నేను గీసిన అంటె మీరు గా మాటలు కొట్టేస్తుంటిరి."

నేను నా కుర్చీ లాక్కుని కూర్చున్నాను.

"అమెరికావోడు అన్కున్నరు గాబట్టి రాసిన్రు. నన్ను గట్ల మెచ్చుకున్నోళ్లు పుట్టిన కాడికెల్లి లేరు సార్. ఇనబుద్ధయింది. ఇన్న."

నన్ను అవమానించినవాళ్ల జాబితా నా దగ్గర పొడుగ్గానే ఉంది. అందులో చాలామంది నామీద అన్నది తప్పు. ఇతను అన్న ఒక్క మాటలో తప్పు వెతుకుదామని రెండు రోజులు ప్రయత్నించాను. దొరకలేదు. ఆ రెండు రోజులూ అతనితో మాట్లాడలేదు. ఆవకాయ సీసా మాత్రం బల్ల మధ్యలోనే పెట్టాను.

శనివారం పొద్దున ఆఫీసు నుంచి వచ్చినాయన పెద్దవాడు. పొడుగాటి తెల్లటి అరబ్బు దుస్తులు, చదువుకునే కళ్లద్దాలు, బొంబాయితో వ్యాపారం చేసిన పాత ఇళ్లలో పెరిగినవాళ్లకు వచ్చే హిందీ. మేనేజరు ఇచ్చిన మంచి కుర్చీ వద్దని, నా ఒంటిచేతి కుర్చీలో కూర్చున్నాడు. రెండు పుస్తకాలూ పక్కపక్కన పెట్టుకుని, ఒక్కో పేజీ తిప్పుతూ పోయాడు. గూండాల పేజీ దగ్గర ఆగి తలెత్తాడు.

"యే చాయ్ హై?"

అతను చేతులు కట్టుకుని నిలబడ్డాడు. "జీ సాబ్. సులేమానీ, దూధ్ నహీ."

"చీనీ?"

"దో చమ్మచ్."

పెద్దాయన మీసం కదిలింది. వెంటనే సర్దుకుని షీటు చేతిలోకి తీసుకున్నాడు. "ఈ సంతకం ఎవరిది?"

వ్యానులో, గదిలో, స్నానాల గదిలో నేను రెండు జవాబులు సాధన చేశాను. తెలిసే పంపాను అంటే అబద్ధం, నా ఉద్యోగం పోతుంది. నాకు తెలియదు అంటే నిజం, అతను ఇంటికి పోతాడు, పైగా ఏళ్ల తరబడి బొమ్మలు చూసినవాడికి కళ్లు లేవని నలుగురిలో ఒప్పుకున్నట్టు. రెండూ నోటికి రాలేదు.

"సంతకం నాది. ప్రతి పేజీ చూశాను. చొక్కా చూశాను, టీ చూశాను. నాకు నచ్చింది. పంపాను."

ఇందులో ఒక్క మాట కూడా అబద్ధం కాదు.

ఇతను ఊరుకోవచ్చు కదా. ఊరుకోలేదు. "నహీ సాబ్. సార్‌కో మాలూమ్ నహీ. మైనే కియా, సబ్ మైనే."

"నువ్వు కూర్చో" అన్నాను తెలుగులో.

"మీకు ఎరుక లేదని నిజం జెప్తే మీ నౌకరి ఉంటది సార్."

"నాకు ఎరుక లేదని నలుగురిలో చెప్పమని నిన్నెవరు అడిగారు? కూర్చో!"

ఏం మాట్లాడుకుంటున్నారని పెద్దాయన మేనేజరును అడిగాడు. మేనేజరుకు తెలుగు రాదు. "ఇద్దరూ తప్పు నాదంటే నాదంటున్నట్టున్నారు" అన్నాడు. అది పూర్తిగా సరికాదు. ఒకడు తప్పు తనదంటున్నాడు, రెండోవాడు కళ్లు తనవంటున్నాడు.

పెద్దాయన కళ్లద్దాలు తీసి తుడుచుకున్నాడు. తర్వాత చెప్పింది నేను ఆ రాత్రే నోట్‌బుక్‌లో రాసుకున్నాను, అందుకే ఇప్పుడూ చెప్పగలుగుతున్నాను. నల్ల మచ్చ చూస్తే చదివేవాడికి తెలుస్తుంది, ఇక్కడ ఏదో ఉంది, వీళ్లు కప్పారు అని. మేం కప్పామని మేమే ఒప్పుకుంటున్నాం. దాచిపెట్టడంలో కూడా ఒక నిజాయితీ ఉంది. ఈ చొక్కా అలా కాదు. ఎవరో దూరదేశంలో గీసుకున్న మనిషి, తను అనని మాట అన్నట్టు అయింది. మీరు ఆయన బొమ్మను కప్పలేదు, ఆయన చేతిలోకి మీ చెయ్యి దూర్చారు.

"పని మాత్రం బాగుంది" అన్నాడు లేస్తూ. "బాగుండటమే ఇందులో తప్పు. దీని మీద నలుపు వేయండి."

మేనేజరు గొంతు సవరించుకున్నాడు. "మరి వీళ్లలో ఎవరిని..."

"ఈ చెయ్యి ఉన్నవాణ్ణి పంపేస్తే మీ దుకాణం బోర్డు ఎవరు రాస్తారు? అది రంగు వెలిసి ఏడాదయింది."

ఎవరూ ఇంటికి వెళ్లలేదు. కానీ శిక్ష లేకుండా పోలేదు. మర్నాడు షీటు మీద నా గడి కొట్టేసి, దాని మీద కంపెనీ రబ్బరు ముద్ర వేయడం మొదలుపెట్టారు. నా మూడక్షరాలు పోయాయి. అయిదు ఉత్తరాలు రాశాను. జవాబు లేదు. కాపీలు ఉన్నాయి.

దుకాణం ర్యాకుల్లో అమ్ముడుపోకుండా మిగిలిన ఒంటిమనిషి పుస్తకాలన్నీ గోడౌనుకు తిరిగొచ్చాయి. అతను మార్కర్ తీసుకున్నాడు. నేను అతని చేతిలోంచి లాక్కున్నాను.

"నువ్వు రుద్దలేవు."

"మీరు గీత తప్పుతరు సార్."

"తప్పితే నువ్వున్నావుగా."

మూడు రోజులు నేను నలుపు రుద్దాను. అతను పక్కన కూర్చుని, "మోచేయి కాడ జర పైకి", "ఆ స్టీరింగ్‌కు తాకనియ్యకుండ్రి" అంటూ నడిపించాడు. ఎన్నో కాపీ దగ్గరో ఆగిపోయాను. చొక్కా చేతి అంచు మీద, మణికట్టు దగ్గర, మూడు బుల్లి గీతలు. మిగతా పేజీలూ తిప్పాను. ప్రతి చొక్కాకూ ఉన్నాయి. మగ్గం మీద తెగిన పోగును ముడి వేసినట్టు. అమెరికావాడికి ఆ అలవాటు ఎక్కడిది? ముక్కు ఎవరిదైనా చెవి నాదే అని రెండో నెలలోనే చెప్పిన మనిషి. నేను చెవులన్నీ చూశాను. చొక్కా అంచు చూడలేదు.

"ఇది ఏమిటి?" అని వేలు పెట్టి చూపించాను.

చూసి నవ్వాడు. "ఎట్లనో పడ్డది సార్. నేను గూడ ఇప్పుడే చూస్తున్న."

దాని మీద కూడా నలుపు వేశాను.

మరుసటి ఏడాది సంచికకు సవరణ రాసి ఇచ్చాను. ఫలానా వ్యాసంలో ఫలానా బొమ్మ గీసింది ఫలానా చిత్రకారుడు కాదు అని, ఎనిమిది లైన్లు. సంపాదకుడు చదివి నవ్వాడు. "బొమ్మల పుస్తకం వ్యాసానికి సవరణా మాస్టారూ! అసలు వ్యాసమే ఎవరు చదివారని?" ఒకరు చదివారని, పెట్టె మూతకు అంటించుకున్నారని చెప్పాను. ఆయనకు అర్థం కాలేదు. వేయలేదు. ఆ తర్వాతి ఏడూ వేయలేదు. ఆ విల్లా గేటు రంగు ఏమిటో కూడా నాకు గుర్తుంది.

అతను నాకంటే ముందే ఊరికి వెళ్లిపోయి మళ్లీ బోర్డులు రాసుకున్నాడు. ముషైరిబ్‌లో అతను రాసిన దుకాణం బోర్డు నేను ఉన్నంతకాలం ఉంది. ఇప్పుడు ఆ వీధే లేదంటున్నారు. ఈ వ్యాసం మొదలుపెట్టే ముందు ఫోన్ చేసి, ఈసారి నీ పేరు వేస్తాను, ఊరుతో సహా వేస్తాను అన్నాను.

"పేరెందుకు సార్? సదివెటోళ్లకు నేనెవరో ఎరుకనా? గా గుడ్డ ముచ్చట ఒక్కటి అట్లనే ఉంచుండ్రి."

"అమెరికావాడి గురించి అన్నట్టే ఉంటుందయ్యా అది."

"గది మార్సుండ్రి. మిగిలింది కొట్టెయ్యకుండ్రి."

అతని పేరు లేనిచోట ఇంకెవరి పేరూ ఉండకూడదని నేను నిర్ణయించుకున్నాను. అందుకే ఈ జ్ఞాపకంలో మేనేజరుకు పేరు లేదు, పెద్దాయనకు లేదు, అమెరికా చిత్రకారులకూ లేదు.

సవరణ ఇది. ఆ సంచికలో గోంగూర పచ్చడి కింద అచ్చయిన నా వ్యాసంలో, తొమ్మిదో పేజీ చొక్కా గురించి, టీ గ్లాసుల గురించి రాసిన మాటల్లో ఒక్కటి కూడా నేను వెనక్కి తీసుకోవడం లేదు. ఆ గుడ్డకు బరువు ఉంది. ఆ మడత విరిగింది. గంజి పెట్టిన నూలును చేత్తో పట్టుకున్నవాడే దాన్ని గీశాడు. గీసినవాడు అమెరికాలో ఉన్నాడని రాశాను. అతను నా బల్లకు అవతలి వైపు కూర్చుని ఉన్నాడు.